సర్వం గారి నిశ్శబ్దం

ఆయనకు తల్లి పెట్టిన పేరు ఒకటుంది కానీ, ఆ పేరుతో ఇప్పుడు ఆ తల్లి కూడా పిలవదు. అందరికీ ఆయన ‘సర్వం’. ఎదురుగా ఉంటే ‘సర్వం గారు’, అటు తిరిగితే ఉత్త ‘సర్వం’. ఒకసారి ఆయన సినిమా వేస్తున్నప్పుడు, మొదట్లో పడే పేర్లలో కథ, మాటలు, ఛాయాగ్రహణం, కూర్పు, సంగీతం, శబ్దగ్రహణం, దర్శకత్వం, అన్నింటికీ అదే పేరు రావడం చూసి వెనక వరసలోంచి ఎవడో “సర్వం ఈయనేనా బాబూ” అని గట్టిగా అన్నాడు. అది వెక్కిరింత అని హాలంతటికీ అర్థమైంది. ఆయన మాత్రం దాన్ని బిరుదు అనుకున్నాడు. తర్వాతి సినిమా పోస్టరు మీద వేయించుకున్నాడు కూడా.

ఆయన ఇన్ని విద్యలు నేర్చింది ఆసక్తి కొద్దీ అనుకుంటే పొరపాటు. అన్నీ తగాదాల వల్ల నేర్చినవే. మొదటి సినిమాకు మనిషికో పని అన్నట్టు చిన్న గుంపు ఒకటి ఉండేది. కిటికీ పక్కన లైటు పెడితే మొహం సగం చీకట్లోకి పోతుందని కెమెరామన్ అన్నాడు. “చీకటి గురించి నాకు చెబుతావా?” అని ఈయన ఒంటికాలి మీద లేచాడు. కెమెరామన్ వెళ్లిపోయాడు, ఇంటికి కెమెరా వచ్చింది. రెండో సినిమాకు ఎడిటర్ ఒక షాటు ఆపి, మనిషి తలుపు తీసుకుని వెళ్లిపోయాక ఖాళీ తలుపును ఇంతసేపు ఎవరు చూస్తారండీ అన్నాడు. ఆ తలుపు సమాజమని తెలియనివాడితో పనిచేయలేనని ఈయన అతన్ని సాగనంపాడు. ఆ తలుపు ఇప్పటికీ సినిమాలో అలాగే ఉంది. చూసినవాళ్లు కథ చెప్పలేరు కానీ, తలుపు మీద రంగు ఎక్కడెక్కడ ఊడిందో చెప్పగలరు. ఆ తర్వాత సంగీతం చేసేవాడు పాటకు పల్లవి ఉండాలన్నందుకు పోయాడు. అతని స్థానంలో ఫ్లూటు, వీణ, వాన చప్పుడు, దేనికి దానికి బటన్లు ఉన్న కీబోర్డు ఒకటి వచ్చి కూర్చుంది. చివరికి నటుడు. “ఈ పాత్ర ఎందుకు ఏడుస్తుందో చెప్పండి సార్” అని అడిగాడట పాపం. మర్నాటినుంచి ఆ పాత్ర సర్వమే వేశాడు, ఏడుపు తీసేశాడు.

మనుషులతో వేగలేనివాడు గుమాస్తా అయితే పొగరుబోతంటారు, సినిమాలు తీస్తే స్వతంత్ర కళాకారుడంటారు. తేడా అంతే. ఎక్కడెక్కడి ఉత్సవాలకో పంపిస్తే ఎక్కడెక్కడినుంచో రంగు కాగితాల ధ్రువపత్రాలు వచ్చేవి. వాటికి అద్దాలు కట్టించి హాలు గోడకు తగిలించాడు. ఇంట్లో ఉన్న రెండు గదుల్లో ఒకటి ఎడిటింగ్ గది అయింది. బయటి చప్పుడు రాకుండా దాని గోడలకు పాత పరుపులు మేకులతో కొట్టాడు. వాటిలో ఒకటి అత్తగారిది. ఆవిడ అప్పటినుంచీ హాల్లో చాప మీద పడుకుంటుంది.

అత్తగారంటే ఆయన భార్యకు అత్తగారు, అంటే ఆయన తల్లి. ఆవిడను కూడా ఆయన వదల్లేదు. సినిమాకో శవం వేషం వేయించేవాడు. మాటలున్న వేషం ఇస్తే సొంత మాటలు మాట్లాడేస్తుందని భయం. “నా కొడుకు సినిమాల్లో నేను పోయినన్నిసార్లు ఎవరూ పోలేదమ్మా. ఒక్కసారైనా ఎందుకు పోయానో చెప్పలేదు” అని ఆవిడ వచ్చినవాళ్లందరికీ చెప్పి నవ్వేది.

ఇదంతా చూస్తూ, ఇంటిని నడుపుతూ ఉన్న మనిషి ఆయన భార్య. ఇల్లు నడిచేది ఆమె గొంతు మీద. ఆమె డబ్బింగ్ ఆర్టిస్టు. తెర మీద ఎవరో అమ్మాయి పెదవులు కదిలిస్తుంటే, చీకటి గదిలో మైకు ముందు నిలబడి ఆ కదలికలో తన మాట కూర్చడం ఆమె పని. పెదవులు కలిసే చోట పెదవులు కలిసే అక్షరమే పడాలి, తెరుచుకునే చోట తెరుచుకునేదే పడాలి. భాష రాని హీరోయిన్లు ఒకటి, రెండు, మూడు అని అంకెలు చెప్పుకుంటూ నటించిన చోట ఆమె కన్నతల్లిని పోగొట్టుకున్న దుఃఖం నింపింది. జనం కళ్లు తుడుచుకున్నారు. బహుమతులు అంకెలు చెప్పినవాళ్లు పట్టుకుపోయారు.

కొట్లో ఆమె సరుకులు అడిగితే పక్కన నిలబడ్డవాళ్లు చటుక్కున తిరిగి చూసేవారు. మొహం చూసి, అబ్బే, కాదులే అనుకుని మళ్లీ అటు తిరిగేవారు. ఆ ‘అబ్బే’ ఆమెకు ఎన్నేళ్లయినా అలవాటు కాలేదు. తన మొహం మీద తన గొంతు, ఒక్కసారి, అందరూ చూసేలా, వినేలా. ఆమెకున్న కోరిక అదొక్కటే. పెళ్లికి ముందు ఒక నాటకాల బృందంలో ఆడేది. ఆ బృందాన్ని నడిపే మాస్టారు, ఈ అమ్మాయి నిలబడితే వేదిక నిండుతుందనేవారు. పెళ్లయ్యాక నాటకం పోయి గొంతు మాత్రం మిగిలింది. సర్వం దృష్టిలో నాటకం పాతచింతకాయ పచ్చడి.

అలాంటిది, ఒకనాడు ఆయనే వచ్చి, “ఈ సినిమాలో భార్య వేషం నువ్వు వెయ్యి” అన్నాడు. ఆమె గుండె ఆగినంత పనైంది. కారణం మాత్రం ఏమంత గొప్పది కాదు. ముందు ఒప్పుకున్న అమ్మాయి చేత షాటుకూ షాటుకూ మధ్య లైటు స్టాండ్లు మోయించాడు. ఆ పిల్ల మధ్యాహ్నం భోజనానికని వెళ్లి మళ్లీ రాలేదు.

“ఎలాగూ ఇంట్లో ఉండే మనిషివేగా” అన్నాడు.

ఇంట్లో ఉండే మనిషి ఆ నెలకు ఒప్పుకున్న డబ్బింగులన్నీ వదులుకుంది. 

సినిమా అంతా ఒక మొగుడూ పెళ్లాల కథ, ఒక ఇంట్లోనే జరుగుతుంది. మొగుడు సర్వం. అందులో అసలు ఘట్టం, ఎన్నో ఏళ్లుగా నోరు మెదపని భార్య ఒక సాయంత్రం వంటగదిలో మొగుడికి ఎదురు నిలిచి నోరు విప్పడం. ఆమె స్క్రిప్టు తెరిచి ఆ పేజీ చూసింది. ‘ఇక్కడ ఆమె ఏదో మాట్లాడుతుంది’ అని ఉంది, అంతే.

“ఏం మాట్లాడుతుందండీ?” అని అడిగింది.

“నీకేం తోస్తే అది మాట్లాడు. ఆడవాళ్లు అలాంటప్పుడు ఏం మాట్లాడతారో నీకు తెలీదా? నటికి స్వేచ్ఛ ఇవ్వడమంటే ఇదే.”

రాయడం చేతకాని చోట స్వేచ్ఛ ఇచ్చాడన్నమాట. ఆమె లోపల నవ్వుకుంది. కానీ వారం రోజులపాటు గిన్నెలు కడుగుతూ, బట్టలు ఆరేస్తూ ఆ ఆడమనిషి ఏమంటుందో ఆలోచించింది. కాగితం మీద పెట్టలేదు. పెడితే చదివినట్టుంటుందని భయం.

ఆ సాయంత్రం కిటికీలోంచి వచ్చే వెలుతురు ఇంకాసేపే ఉంటుంది కాబట్టి షాటు ఒక్కసారే. కెమెరా స్టాండు మీద ఉంది. సర్వం తను నిలబడాల్సిన చోట తుడుపుకర్ర నిలబెట్టి దాన్ని బట్టి ఫోకస్ పెట్టుకున్నాడు. తర్వాత తుడుపుకర్ర తీసేసి ఆ చోట తను నిలబడ్డాడు. తెర మీద పెద్ద తేడా కనిపించలేదని తర్వాత అత్తగారు అంది. కెమెరాలో ఉండే మైకు వాడటం నామర్దా అని దాన్ని ఏనాడో ఆపేశాడు. శబ్దం కోసం అరచేతిలో పట్టే రికార్డర్ ఒకటి చొక్కా జేబులో వేసుకుని, “యాక్షన్” అంటూ ఒకసారి బటన్ నొక్కేవాడు. “కట్” అంటూ మళ్లీ నొక్కేవాడు. ఒక్క బటనే, నొక్కితే మొదలవుతుంది, ఇంకోసారి నొక్కితే ఆగుతుంది.

ఆమె మాట్లాడింది. ఎంతసేపో ఆమెకు తెలియదు. మొదలుపెట్టేటప్పుడు ఆమె ఆ కథలో భార్య. మధ్యలో ఎక్కడో ఆ గీత చెరిగిపోయింది. మాటలు వాటంతట అవే వచ్చాయి, ఒకదాన్నొకటి తోసుకుంటూ, ఒక్కటీ తడబడకుండా. అయిపోయాక గది దాటి వెళ్లి మొహం కడుక్కుంది. అద్దంలో చూసుకుంటే తనకే తెలిసింది, చేశానని. బతుకులో అంత సంతోషం ఆమె ఎరగదు.

మర్నాడు సర్వం ఎడిటింగ్ గదిలోంచి బయటికొచ్చి, కాఫీ గ్లాసు అందుకుని, “రాలేదు” అన్నాడు.

“ఏది?”

“నిన్నటి సీను. రాలేదంటే రాలేదు. డబ్బింగ్ వాళ్లతో వచ్చిన చిక్కే ఇది. గొంతుతో నటిస్తారు, మొహం చచ్చిపోతుంది. నీ తప్పేం లేదులే.”

“పోనీ మళ్లీ చేద్దామా?”

“వద్దు. ఏదో సర్దుతాను.”

ఎంత దయో చూడండి. నీ తప్పేం లేదులే! ఆమె గ్లాసు తీసుకెళ్లి కడిగింది. కడుగుతూనే నమ్మేసింది. ఎన్నేళ్లుగానో ఇతరుల మొహాల వెనక నిలబడ్డ మనిషి, నీ మొహం పనికిరాదంటే నమ్మక ఏం చేస్తుంది? ఆయన ఎంత పనికిమాలినవాడైనా, తెర మీద ఆ సీను చూసింది ఆయనొక్కడే కదా.

సరిగ్గా ఆ వారమే మాస్టారు ఫోన్ చేశారు. కొత్త నాటకం, మొదటినుంచి చివరిదాకా ఒకే ఆడమనిషి మీద నడుస్తుంది. “నిన్ను తలచుకునే మొదలుపెట్టానమ్మా” అన్నారు.  ఆమె, “నా వల్ల కాదండీ. నటన మర్చిపోయాను” అని చెప్పి పెట్టేసింది. ఆ పూట అత్తగారు, కళ్లెందుకు అలా ఉన్నాయని అడిగితే, ఏమీ లేదత్తయ్యా, ఉల్లిపాయలు అంది. పొయ్యి మీద పాలున్నాయి.

సినిమా పూర్తయింది. ప్రీవ్యూ పెట్టారు. మడత కుర్చీలు వేసిన చిన్న హాలు. వచ్చినవాళ్లు ఎప్పుడూ వచ్చేవాళ్లే. వీళ్ల సినిమాకు వాళ్లు, వాళ్ల సినిమాకు వీళ్లు వస్తారు, పొగుడుకుంటారు, టీ తాగి వెళ్లిపోతారు. అందరికన్నా ముందు వరసలో విమర్శకుడు కూర్చున్నాడు. అతను సినిమా మొదలైన కాసేపటికే కళ్లు మూసుకుంటాడు. నిద్రపోతున్నాడని అందరికీ తెలుసు, లీనమయ్యాడని అంటారు. మాస్టారు కూడా వచ్చి వెనకాల కూర్చున్నారు. ఆయన్ని పిలిచింది అత్తగారు.

వంటగది ఘట్టం వచ్చింది. ఆమె కుర్చీ అంచుకు జరిగి, చచ్చిపోయిన తన మొహాన్ని చూడ్డానికి సిద్ధపడింది.

తెర మీద ఆమె నోరు తెరిచింది. మాట లేదు. కీబోర్డులోని ఫ్లూటు మొదలైంది. ఆమె మాట్లాడుతూనే ఉంది, ఫ్లూటు ఊదుతూనే ఉంది. సీను ఆసాంతం అంతే, ఒక్క మాట లేదు.

ఆమెది పెదవులు చదివే కన్ను. ఇతరుల పెదవుల్లో చిన్న తడబాటునైనా పట్టేస్తుంది. తన పెదవుల్లో ఎంత వెతికినా తడబాటు కనిపించలేదు. కన్ను నిలకడగా ఉంది. మెడ మీద నరం ఎక్కడ ఉబ్బాలో అక్కడ ఉబ్బింది. ఇదే మొహం మరెవరిదో అయ్యుంటే, ఈ అమ్మాయికి గొంతివ్వడం నా అదృష్టం అనుకునేది. ఈ మొహం చచ్చిందని ఎవడన్నాడు?

సినిమా అయ్యాక చర్చ. విమర్శకుడు లేచాడు.

“వంటగది సీన్లో మాటలు తీసేశారు చూడండి, అది సాహసం. ఆమె ఏం చెబుతోందో మనకు వినపడదు. ఎందుకంటే ఇంతకాలం మనం వినలేదు కాబట్టి! ఈ ఆలోచన మీకు రాసేటప్పుడే వచ్చిందా, ఎడిటింగ్‌లో వచ్చిందా?”

సర్వం మైకు అందుకున్నాడు. మైకు చేతికి దొరికితే ఆయన మనిషి కాదు.

“నిజం చెప్పాలంటే, రచయితగా నేనక్కడ మాటలు రాయలేదండీ. దర్శకుడిగా నటికి పూర్తి స్వేచ్ఛ ఇచ్చాను. ఆమె తేలిపోయింది. నటుడిగా నేను ఎదురుగా ఉండి ఎంతో సాయం చేశాను, అయినా లేవలేదు. అప్పుడు నాలోని ఎడిటర్ వచ్చి, ఆ గొంతు తీసెయ్ అన్నాడు. నాలోని సంగీత దర్శకుడు, సరే నేను చూసుకుంటానన్నాడు.”

అందరూ నవ్వారు. ఎవరో, నటి ఇక్కడే ఉన్నారు కదండీ అన్నారు.

“మా ఆవిడేనండీ. ఏమీ అనుకోదు” అన్నాడు సర్వం.

మళ్లీ నవ్వులు. ఆమె కూడా నవ్వింది. నవ్వకపోతే అందరూ ఇటు చూస్తారు. కానీ ఒళ్లంతా కారం పూసినట్టు మండింది. ఒక్క మనిషిలో అంతమంది కాపురం ఉంటున్నారు కదా, ఒక్కడికైనా సిగ్గు లేకపోయిందా అనుకుంది.

బయట మెట్ల దగ్గర మాస్టారు ఆమె కోసం ఆగారు.

“నటన మర్చిపోయానన్నావు.”

ఆమె తల దించుకుంది.

“అబద్ధాలు ఎప్పుడు నేర్చుకున్నావమ్మా? సరే, ఒకటడుగుతాను చెప్పు. అక్కడ నువ్వేం మాట్లాడావు?”

“గుర్తు లేదండీ. రాసుకున్నవి కావు.”

“వినాలనుంది నాకు. ఆ మొహం చూశాక ఆ మాటలు వినకుండా ఎలా? ఇంకో అమ్మాయిని చూసుకున్నాను కానీ మాటివ్వలేదు. సోమవారం రిహార్సల్ మొదలు. ఈలోగా ఆలోచించుకో.”

తర్వాతి ఉదయం సర్వం ఇస్త్రీ చొక్కా వేసుకుని, విమర్శకుడు ఏదో ఇంటర్వ్యూ రాస్తానన్నాడని బయల్దేరాడు. గుమ్మం దగ్గర ఆగి, “ఈసారి నిశ్శబ్దం మీదే పూర్తి వ్యాసమట” అని చెప్పి మరీ వెళ్లాడు. ఆయన మెట్లు దిగిన చప్పుడు ఆగాక ఆమె ఎడిటింగ్ గదిలోకి వెళ్లి తలుపు వేసుకుంది.

వినాలనుకుంది, అంతే. ఆయన్ని పట్టుకోవాలని వెళ్లలేదు. ఆ సాయంత్రం తన నోటినుంచి ఏం వచ్చిందో తనకే సరిగ్గా గుర్తులేదు. గొంతు బాగాలేకపోతే పోయింది, మాటలైనా వింటే మాస్టారికి చెప్పొచ్చు. అసలు ఆమెను రాత్రినుంచి ఒక సంగతి గుచ్చుతూనే ఉంది. గొంతు నచ్చకపోతే మళ్లీ డబ్బింగ్ చెప్పించొచ్చు కదా. ఇంట్లో ఉన్నది డబ్బింగ్ ఆర్టిస్టే. ఊళ్లోవాళ్ల సినిమాలకు పనికొచ్చే గొంతు మొగుడి సినిమాకు పనికిరాకపోవడమేమిటి?

కంప్యూటర్లో ఆ రోజు రికార్డింగులు దొరికాయి, ఆ సీనుకు ముందు తీసిన మాటల్లేని చిన్న షాట్లవి కూడా. చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుని మొదటిది తెరిచింది.

కుర్చీ ఈడ్చిన చప్పుడు. సర్వం ఎవర్నో తిట్టుకోవడం. దూరం నుంచి అత్తగారి గొంతు: “ఒరేయ్, శవం ఇంక లేవచ్చా? నడుం పట్టేసింది.” “ఉండమ్మా, ఉండు.” ఇంకాసేపు ఏవో చప్పుళ్లు. ఆఖర్న “యాక్షన్!” అన్న కేక. దాంతో ఆగిపోయింది.

రెండోది తెరిచింది. అది “కట్” అనే మాటతో మొదలైంది. వెలుతురు గురించి గొణుగుడు, నీళ్లు తాగిన చప్పుడు, మళ్లీ “యాక్షన్!” దగ్గర ఆగిపోయింది. మూడోదీ అంతే. ప్రతిదీ కట్‌తో మొదలై యాక్షన్‌తో ముగుస్తోంది.

ఆమెకు అర్థం కావడానికి ఎంతోసేపు పట్టలేదు. జేబులో వేసుకునేటప్పుడే బటన్ నొక్కుకుపోయి ఉంటుంది. రికార్డర్ అప్పటికే తిరుగుతోంది. ఆపైన ఈయన మొదలుపెట్టాలని నొక్కినప్పుడల్లా అది ఆగింది, ఆపాలని నొక్కినప్పుడల్లా మొదలైంది. హెడ్‌ఫోన్లు పెట్టుకుని వినే మనిషి ఒక్కడు పక్కన ఉంటే మొదటి షాటుకే పట్టుకునేవాడు. అలాంటి మనుషుల్ని ఈయన ఏనాడో తరిమేశాడు. ఆమె సీను ఎక్కడా లేదు. ఆమె మాటలు గాలిలో పుట్టి గాలిలోనే పోయాయి.

 చివరి రికార్డింగ్ తెరిచింది.

“కట్.” ఆ గొంతు మామూలుగా లేదు, గీరుకుపోయి ఉంది. తర్వాత ఆమె అడుగుల చప్పుడు, అవతల గది తలుపు, కుళాయి నీళ్లు. ఆమె మొహం కడుక్కుంటోంది. ఇక్కడ సర్వం ఒక్కడే. మాట్లాడ్డానికి మనుషుల్ని మిగుల్చుకోనివాడు కాబట్టి తనతో తనే మాట్లాడుకుంటాడు, ఎప్పట్నుంచో ఉన్న అలవాటు.

“అబ్బా... అబ్బబ్బబ్బా. ఏం చేసింది! ఏం చేసిందిరా బాబూ ఇది!” ముక్కు చీదిన చప్పుడు. “చంపేసింది. దీని ముందు నేను కట్టెలా నిలబడ్డాను.”  మళ్లీ, నెమ్మదిగా: “ఇది తెర మీదుంటే నన్నెవడు చూస్తాడు? చెప్పకూడదు. చెబితే నెత్తికెక్కుతుంది. రేపు ఇంకోడి సినిమాకి పోతానంటుంది.” జేబులో గుడ్డ రాసుకున్న గరగర. “ఇదేంటి, ఎర్ర లైటు ఇప్పుడు వెలుగుతోందేంటి? ఓర్నీ...”

అక్కడితో అయిపోయింది.

ఆమె హెడ్‌ఫోన్లు తీసి బల్ల మీద పెట్టింది. మళ్లీ పెట్టుకుని మొదటినుంచి విన్నది. ఏడుపొస్తుందనుకుంది, రాలేదు. తన గురించి ఎవరూ ఎప్పుడూ అనని మాటలు అవి. అన్నవాడు మొగుడే. అని, ఆ నోటితోనే మర్నాడు కాఫీ తాగుతూ మొహం చచ్చిందన్నాడు. నలుగురిలో మైకు పట్టుకుని తేలిపోయిందన్నాడు. తప్పు జరిగిందని ఒక్క మాట చెబితే ఆమె తన పెదవుల్ని తనే చదువుకుని, మాటల్ని మళ్లీ పట్టుకుని, ఆ సీనుకు గొంతు పోసేది. ఆ పని ఆమెకన్నా బాగా చేసేవాళ్లు లేరు. కానీ అడగాలంటే శబ్దగ్రహణం చేసినవాడు వెధవ పని చేశాడని ఒప్పుకోవాలి. తెర మీద శబ్దగ్రహణం అన్నచోట ఉన్నది తన పేరాయె. దానికన్నా పెళ్లాన్ని పనికిరానిదాన్ని చేయడం తేలిక.

ఇదంతా పెట్టుకుని ఆ ముక్కను చెరిపేయకుండా ఎందుకుంచాడా అని కూడా ఆలోచించింది. చెరపలేడు. తన గొంతు ఉన్న దేన్నీ ఆయన చెరపలేడు.

సర్వం చంకలు గుద్దుకుంటూ తిరిగొచ్చాడు. “ఏమోయ్! నిశ్శబ్దాన్ని చెక్కిన శిల్పి అని రాస్తున్నాడు, తెలుసా?” అంటూ ఎడిటింగ్ గదిలోకి వచ్చి, తన కుర్చీలో ఆమె కూర్చుని ఉండటం చూసి ఆగిపోయాడు. ఆ కుర్చీలో ఇంకొకరు కూర్చోవడం ఆయనకు నచ్చదు.

“కూర్చోండి” అంది ఆమె, స్టూలు చూపించి.

స్పీకర్లు పెంచి మీట నొక్కింది. “కట్” అంది సర్వం గొంతు. అత్తగారు కూడా గుమ్మం దగ్గరికొచ్చి నిలబడింది. మొత్తం వినిపించింది. ఓర్నీ అన్నదాకా.

సర్వం మొహంలో రంగు పోయింది.  ఒకసారి తల్లి వైపు, ఒకసారి గోడ మీది పరుపు వైపు చూశాడు. ఆమె ఎదురుచూసింది. క్షమించమని అడుగుతాడేమోనని ఎదురుచూసింది, ఆ మాట ఒప్పుకోవాలి. అడిగితే ఏం చేసేదో ఆమెకే తెలియదు.

ఆయన మెల్లిగా స్పీకరు వైపు వంగాడు.

“అయినా చూశావా” అన్నాడు, “జేబులో ఉండి కూడా ఎంత శుభ్రంగా రికార్డయిందో. గుడ్డ రాపిడి తప్ప ఇంకేం లేదు.”

“ఛీ” అంది అత్తగారు. అని హాల్లోకి వెళ్లిపోయింది.

ఆమెకు కోపం కూడా రాలేదు. ఒకే ఒక్కటి మాత్రం తెలుసుకోవాలనిపించింది.

“ఆ రోజు నా మాటలు విన్నది లోకంలో మీరొక్కరే. నాకు ఎదురుగా, మూరెడు దూరంలో నిలబడ్డారు. నేనేం మాట్లాడానండీ?”

“అదే... మాట్లాడావు కదా.”

“ఏం మాట్లాడాను? ఒక్క మాట చెప్పండి చాలు.”

ఆయన నుదురు చిట్లించాడు. నిజంగానే గుర్తు చేసుకోవడానికి ప్రయత్నించాడు, ఆ మాత్రం చేశాడు. “నేను ఫోకస్‌లో ఉన్నానా లేదా అని చూసుకుంటున్నాను కదా... వెలుతురు ఒకటి పోతోంది... ఏవో అన్నావు. చాలా బాగా అన్నావు.”

ఆమె ఆయన్ని చూసింది. ఇన్నేళ్లలో ఆయన్ని చాలా రకాలుగా చూసింది, ఆశగా, భయంగా, విసుగ్గా, జాలిగా. ఇలా ఎప్పుడూ చూడలేదు. బట్ట మీద వదలని మరకను చూసి, ఇంక ఇది ఉతకడం అనవసరం అనుకున్నప్పుడు చూసే చూపు అది. అందులో కోపం లేదు, ప్రశ్న లేదు, ఆయన కోసం చోటే లేదు.

ఆ చూపు సర్వానికి అందింది. ఆయన కళ్లు మెరిశాయి.

“కదలకు” అన్నాడు. “అలాగే ఉండు. ఆ మొహం అలాగే ఉంచు. ఒక్క నిమిషం.”

అని, గబగబా మూలనున్న కెమెరా స్టాండు లాక్కొచ్చి, కాళ్లు విప్పి, కన్ను దానికి ఆనించి ఫోకస్ తిప్పసాగాడు. ఆమె లేచింది. చెప్పులు వేసుకుంది. హాల్లో అత్తగారు ఎక్కడికని అడగలేదు, గొడుగు తీసి చేతికిచ్చింది. మెట్లు దిగుతూనే ఆమె మాస్టారికి ఫోన్ కలిపింది.

“మాస్టారూ, ఆ అమ్మాయికి మాటివ్వకండి. నేను వస్తున్నాను. సోమవారం దాకా ఎందుకు, ఇప్పుడే వస్తున్నాను.”

పైన గదిలో ఫోకస్ సరిగ్గా కుదిరింది. సర్వం తృప్తిగా “యాక్షన్” అన్నాడు. కెమెరా ఎదుట ఖాళీ కుర్చీ ఉంది.